ఇంట్లో ఒక పుస్తకాల అర: కథ, కవిత్వం, యాత్ర మూడూ కలిసేలా ఎలా పేర్చుకోవాలి

తిరుపతిలో కొత్తగా ఇల్లు కట్టుకున్నవాళ్లూ, పిల్లల చదువు కోసం చిత్తూరు నుంచి ఇక్కడికి మారినవాళ్లూ అడిగే మాట ఒకటే: “హాల్లో పుస్తకాలకని ఒక అర పెట్టించాం సార్, ఏం కొనాలో ఒక లిస్టు ఇయ్యండి.” లిస్టులకేం కొదవ? వంద గొప్ప నవలలని, చదివి తీరాల్సిన యాభై పుస్తకాలని ఎక్కడ చూసినా దొరుకుతాయి. వాటిని పట్టుకుని ఒకేసారి తెప్పించుకున్న ఇళ్లలో ఆ పుస్తకాలు అట్ట నలగకుండా అట్లాగే ఉంటాయి. అందుకని ఇక్కడ పేర్ల కంటే ముందు లెక్క చెప్తాను. మీ ఇంట్లో ఎవరు, ఏ వేళ, ఎంతసేపు చదవగలరు అనేదే ఆ లెక్క.

మూడు రకాలు కలపమనేది కూడా అందుకే. కథకి అరగంటో గంటో కావాలి. కవితకి ఐదు నిమిషాలు చాలు. యాత్రా పుస్తకాన్ని ఏ ఊళ్లో ఆపినా మళ్లీ ఆ ఊరి నుంచే అందుకోవచ్చు. మూడూ చేతికందేలా ఉంటే రోజులో ఏదో ఒక సందులో ఒకటి తెరుస్తారు.

ఏడాదిలో నలభై పుస్తకాలు పెట్టుకుందాం. మొదటి విడత పన్నెండే.

కావలసినవి

- రెండున్నర, మూడు అడుగుల పొడవున్న అర ఒకటి. తలుపులుంటే మంచిది, లేకపోయినా నడుస్తుంది.
- మొదటి విడతకి రెండు, మూడు వేల రూపాయలు. 200 పేజీల తెలుగు పుస్తకం ఇప్పుడు సుమారు 150 నుంచి 250 రూపాయల మధ్య ఉంటోంది.
- మీ దగ్గరి ప్రభుత్వ గ్రంథాలయంలో సభ్యత్వం.
- వంద పేజీల రూళ్ల నోటుబుక్కు, పెన్సిలు.
- మెత్తటి బ్రష్షు, పాత కాటన్ గుడ్డ, జిప్ కవర్లు నాలుగైదు.
- గోడకి అతికించే భారతదేశం మ్యాపు ఒకటి. ఎందుకో యాత్రల దగ్గర చెప్తాను.

1. ఇంట్లో చదివేవాళ్ల పేర్లు రాయండి

నోటుబుక్కు మొదటి పేజీలో ఇంట్లో ఉన్న అందరి పేర్లూ రాసి, పక్కన వాళ్లకి ఖాళీ దొరికే వేళ రాయండి. మధ్యాహ్నం వంట అయ్యాక అమ్మకి ఒక గంట. రోజూ చిత్తూరు బస్సులో పోయి వచ్చే అన్నకి పోను రెండు గంటలు, రాను రెండు గంటలు. ఇంటర్ చదివే పిల్లకి ఆదివారం సాయంత్రం తప్ప తీరిక లేదు. తాతకి రోజంతా తీరికే, కానీ సన్న అచ్చు కనపడదు.

ఈ పేజీయే మీ లిస్టు. తాత కోసం పెద్ద అచ్చు ఉన్నవి, అన్న కోసం బస్సులో ఒక్కో కథ ముగిసిపోయే సంపుటాలు, అమ్మ కోసం కొన్నాళ్లు సాగే నవల. ఎవరూ చదవరని తేలిన రకాన్ని పేరు కోసం కొనకండి.

ఇక్కడ జరిగే తప్పు: “పిల్లలు పెద్దయ్యాక చదువుతారులే” అని కొనడం. పిల్లలు పెద్దయ్యాక వాళ్ల పుస్తకాలు వాళ్లు కొనుక్కుంటారు. ఈ ఏడాది చదివేవాళ్ల కోసం కొనండి.

2. పాళ్లు పెట్టుకోండి

నలభైలో ఇరవై కథలూ నవలలూ, ఎనిమిది కవిత్వం, ఎనిమిది యాత్రలు. నాలుగు చోట్లు ఖాళీగా వదలండి. ఎవరో ఇస్తారు, ఏ పుస్తక ప్రదర్శనలోనో ఒకటి తగులుతుంది, అప్పుడు చోటు ఉండాలి. మొదటి పన్నెండులో కథల సంపుటాలు నాలుగు, నవలలు రెండు, కవిత్వం మూడు, యాత్రలు మూడు. ఈ అంకెలు శాసనం కాదు, మీ మొదటి పేజీని బట్టి మార్చుకోండి. కవిత్వాన్ని మాత్రం సున్నా చేయకండి. వద్దన్నవాళ్లే తర్వాత ఎక్కువగా తీసేది అదే.

3. కొనేముందు అరువు తెచ్చుకోండి

ఆంధ్రప్రదేశ్‌లో ఇంటిపన్ను మీద రూపాయికి 8 పైసల చొప్పున గ్రంథాలయ పన్ను కూడా కడుతున్నాం. ఈసారి పన్ను రసీదు వచ్చినప్పుడు ఆ వరుస చూడండి. కట్టిన డబ్బుకి పని చేయించుకోవాలి కదా. గుర్తింపు కాగితం, చిన్న డిపాజిట్టుతో సభ్యత్వం తీసుకుని, అనుమానం ఉన్న పుస్తకాన్ని ముందు అక్కడ తీసుకుని చదవండి. నచ్చి, రెండోసారి చదవాలనిపిస్తేనే కొనండి. నవలలకి ఇది బాగా పనికొస్తుంది, ఎందుకంటే చాలా నవలలు ఒకసారికే సరిపోతాయి. కవిత్వం అట్లా కాదు, అది ఇంట్లో ఉండాల్సిందే.

వెసులుబాటు: గ్రంథాలయం దూరమైతే ఆర్కైవ్ డాట్ ఆర్గ్‌లో కాపీరైటు తీరిన పాత తెలుగు పుస్తకాల స్కాన్లు ఉన్నాయి. టీటీడీ ప్రచురణలు చాలావరకు వాళ్ల ఈ-పుస్తకాల సైట్‌లో ఉచితంగా దొరుకుతాయి. నాలుగు పేజీలు అక్కడ చూసి, ఆపైన తేల్చుకోండి. వాట్సాప్ గ్రూపుల్లో తిరిగే కొత్త పుస్తకాల పీడీఎఫ్‌లు మాత్రం వద్దు. తెలుగులో చాలామంది రచయితలు సొంత డబ్బుతో అచ్చేసుకుంటున్నారు, ఆ పీడీఎఫ్ కొట్టేది వాళ్ల పొట్టమీదే.

4. కథలు, నవలలు: మన ఊళ్ల నుంచి మొదలుపెట్టండి

తిరుపతిలో ఉంటూ కథల అరని మరెక్కడి నుంచో మొదలుపెట్టక్కర్లేదు. మధురాంతకం రాజారాం చిత్తూరు జిల్లా మనిషి, పంతులుగా పనిచేసినవాడు. ఆయన కథల సంపుటానికి 1993లో కేంద్ర సాహిత్య అకాడమీ అవార్డు వచ్చింది. చిన్న బడి పంతుళ్లు, పల్లె రైతులు, తగువులు పడే అన్నదమ్ములు ఉండే కథలు. నెమ్మదిగా నడుస్తాయి, అరుపులు ఉండవు. మధ్యాహ్నం చదివే అమ్మకి ఇవి సరిగ్గా కుదురుతాయి. ఆయన కొడుకు మధురాంతకం నరేంద్ర ఎస్వీ యూనివర్సిటీలో ఇంగ్లీషు పాఠం చెప్పారు. ఆయన నవల ‘మనోధర్మపరాగం’కి 2022లో అదే అవార్డు. తండ్రి కథలు కొన్ని చదివాక కొడుకు నవల ఎత్తుకుంటే ఒక ఇంట్లో రెండు తరాల రాత ఎట్లా మారిందో తెలుస్తుంది.

నామిని సుబ్రహ్మణ్యం నాయుడు కథలు మన యాసలో ఉంటాయి. ‘పచ్చనాకు సాక్షిగా’ని కళ్లతో చదివితే కొత్తవాళ్లకి మొదటి రెండు పేజీలు తడబాటుగా ఉండొచ్చు. అప్పుడు చేయాల్సింది ఒకటే: పైకి చదవండి. ఇంట్లో పెద్దవాళ్లు పక్కన ఉంటే ఇంకా మంచిది, మీరు తప్పు పలికిన మాటని వాళ్లు సరిచేస్తారు, తర్వాత పుస్తకం వాళ్లే లాక్కుంటారు. కోస్తా నుంచో తెలంగాణ నుంచో వచ్చి ఇక్కడ ఉంటున్నవాళ్లకి ఊరి మాట చెవిన పట్టడానికి ఇంతకన్నా దగ్గరి దారి నాకు తెలీదు.

మన ఊళ్లయ్యాక బయటికి నడవండి. ఒక పాత నవల, ఒక కొత్త నవల, ఒక అనువాదం ఉండాలి. అనువాదాలకి నేషనల్ బుక్ ట్రస్టు, సాహిత్య అకాడమీ వేసినవి వెతకండి, ధర తక్కువ. ఇటు తమిళం, అటు కన్నడం వినిపించే ప్రాంతం మనది. ఆ భాషల నవల ఒక్కటైనా తెలుగులో చదవకపోతే బాగుండదు.

నవల ఎంచుకునే పరీక్ష: మొదటి పేజీ చూడకండి, దాన్ని ప్రతి రచయితా చెక్కి పెడతాడు. ముప్పయ్యో పేజీ తెరిచి నిలబడి చదవండి. తర్వాతి పేజీ తిప్పబుద్ధి వేస్తే కొనండి. వెనక అట్ట మీద మాటలు నమ్మకండి, అవి అమ్మడానికి రాసినవి.

తరచూ జరిగే తప్పు: ఒకే రచయితది సమగ్ర సంపుటం కొనడం. ఆరేడు వందల పేజీల గట్టి అట్ట పుస్తకం ఒళ్లో పెట్టుకుని చదవడం కష్టం, బస్సులో అసలే కుదరదు. చిన్న సంపుటం చదివి మనసు పడితేనే సమగ్రం.

5. కవిత్వం: పలచటి పుస్తకాలు, పైకి చదవడం

కవిత్వం దగ్గరే ఎక్కువమంది ఆగిపోతారు. కారణం తెలివి తక్కువై కాదు, మొదట తీసిన పుస్తకం తప్పు. మొదటి మూడింటికి నా సలహా ఇది.

ఒకటి, పాట రూపంలో తెలిసినది. తిరుపతి ఇంట్లో అన్నమయ్య లేకుండా కుదరదు. కానీ టీటీడీ వేసిన సంకీర్తనల సంపుటాలన్నీ మోసుకురావద్దు. ఎంపిక చేసిన కీర్తనలకి తాత్పర్యం ఉన్న చిన్న పుస్తకం తీసుకోండి. చెవికి తెలిసిన పాటని కాగితం మీద చూస్తే, గాయకుడు ఏ చరణాలు వదిలేశాడో తెలుస్తుంది. అసలు సంగతి చాలాసార్లు ఆ వదిలేసిన చరణంలోనే ఉంటుంది. కాసెట్టులో విన్నదాన్నే అన్నమయ్య అనుకున్నవాళ్లకి ఇది మంచి మందు.

రెండు, కథ ఉన్న పద్యకావ్యం. కట్టమంచి రామలింగారెడ్డిగారిది ‘ముసలమ్మ మరణం’ ఉంది. ఆయన 1880లో చిత్తూరు పక్కన కట్టమంచిలో పుట్టారు. అనంతపురం ప్రాంతంలో చెరువు కట్ట తెగకుండా ప్రాణమిచ్చిన ఇల్లాలి కథ. పలచటి కావ్యం, కథ తెలిసిపోతుంది కాబట్టి పద్యం బెదిరించదు. లేదా జాషువ ‘గబ్బిలం’ తీసుకోండి. 1941లో వచ్చింది. గుడి తలుపు తనకి మూసుకున్న మనిషి, గుళ్లోకి అడ్డు లేకుండా పోగల గబ్బిలంతో కాశీ విశ్వేశ్వరుడికి కబురు పంపుతాడు. ఆ గబ్బిలం పోవాల్సిన దారంతా ఊళ్లూ నదులూ గుళ్లూ. కవిత్వమూ యాత్రా ఒకే పుస్తకంలో కావాలంటే ఇదే.

మూడు, వచన కవిత. తిలక్ ‘అమృతం కురిసిన రాత్రి’ చాలామందికి తలుపు తెరిచిన పుస్తకం. ఆయన పోయాక 1968లో అచ్చయింది. ఇప్పటి కవుల్లో ఎవరిని కొనాలన్నది పేర్లు చెప్పి తగువు పెంచుకోను. అంగట్లో నిలబడి మధ్యలో మూడు కవితలు చదవండి. మూడింటిలో ఒక్క పంక్తి అయినా బయటికొచ్చాక గుర్తుంటే వెనక్కెళ్లి కొనండి. ముందుమాటలు చివర చదవండి. కొన్ని సంపుటాల్లో అవే పదీ పదిహేను పేజీలుంటాయి, వాటిని దాటేసరికే ఓపిక అయిపోతుంది.

పద్యాల పుస్తకం కొనేటప్పుడు చూడాల్సినవి: తాత్పర్యం అదే పేజీలో ఉందా, చివర్లో కలిపి పెట్టారా? చివర్లో ఉంటే పేజీలు తిప్పలేక మానేస్తారు. సమాసాలు విడదీసి చూపారా? అచ్చుతప్పులు ఎన్ని? పద్యంలో ఒక్క దీర్ఘం పోతే నడక కుంటుపడుతుంది, అది పైకి చదివితే వెంటనే పట్టుబడుతుంది. రెండు పద్యాలు గొంతెత్తి చదివి, ఊపిరి ఎక్కడో అడ్డం తగిలితే మరో ప్రచురణ చూడండి. అంగట్లో పైకి చదవడానికి సిగ్గు పడకండి, పుస్తకాల అంగడివాళ్లు అలవాటు పడినవాళ్లే.

ఇంట్లో ఈ మూడు పుస్తకాలూ అరలో కాదు, బయట ఉండాలి. మంచం పక్కన ఒకటి, భోజనాల బల్ల మీద ఒకటి. కవిత్వాన్ని అద్దాల తలుపు వెనక పెడితే తీయరు.

6. యాత్రలు: గైడు వేరు, యాత్ర వేరు

తిరుపతిలో యాత్రా పుస్తకం అడిగితే అంగడివాళ్లు మొదట చేతిలో పెట్టేది స్థలపురాణమో, దర్శనం వేళలూ గదుల వివరాలూ ఉన్న గైడో. రెండూ పనికొచ్చేవే, కానీ మీరు వెతికేది అవి కాదు. యాత్రా పుస్తకంలో ఒక మనిషి ఉంటాడు. పోతాడు, అలిసిపోతాడు, ఎవరింట్లోనో తింటాడు, విసుక్కుంటాడు, మనసు మార్చుకుంటాడు.

తెలుగులో ఈ వరసకి తొలి మెట్టు ఏనుగుల వీరాస్వామయ్య ‘కాశీయాత్ర చరిత్ర’. ఆయన మద్రాసు సుప్రీం కోర్టులో దుబాసీ, అంటే ఒక భాష మాటని మరో భాషలో చెప్పేవాడు. 1830 మే 18న పరివారంతో మద్రాసు నుంచి బయల్దేరి కాశీ దాకా పోయి, 1831 సెప్టెంబరు 3న తిరిగొచ్చారు. దారి పొడుగునా స్నేహితుడు కోమలేశ్వరపురం శ్రీనివాస పిళ్లెకి రాసి పంపిన సంగతులే 1838లో పుస్తకమయ్యాయి. ఆ దారి మన తిరుపతి మీదుగానే పోయింది. అందుకే మీరు మొదట్నుంచీ వరసగా చదవకపోయినా ఫరవాలేదు. తిరుపతి, కొండ గురించి రాసిన పేజీలు ముందు తెరవండి. రైలూ బస్సూ లేని కాలంలో ఈ ఊరు ఎట్లా ఉండేదో, ఎక్కడెక్కడ మజిలీలు చేశారో చూడండి. దాని తర్వాత కడప, హైదరాబాదు, ఆపైన ఎటైనా.

హెచ్చరిక: ఆ కాలం వాడుక మాట ఇప్పటి కంటికి గట్టిగా తగులుతుంది. రోజుకి ఒక మజిలీ చొప్పున చదవండి, అంతకు మించి వద్దు. ఇక్కడే మ్యాపు పనికొస్తుంది. ఆయన ఆగిన ఊరు దొరికినప్పుడల్లా పెన్సిలుతో చుక్క పెట్టండి. కొన్ని ఊళ్ల పేర్లు మారాయి, కొన్ని దొరకవు, దొరకనివి వదిలేయండి. ఇంట్లో పిల్లలుంటే పుస్తకం మీకు, పెన్సిలు వాళ్లకి.

ఆ కాలం భాష వద్దనుకునేవాళ్లకి వేరే దార్లున్నాయి. కాలినడకన ఊళ్లు తిరిగిన ప్రొఫెసర్ ఎం. ఆదినారాయణ ‘భ్రమణకాంక్ష’ తేలికగా సాగుతుంది. నాయని కృష్ణకుమారి ‘కాశ్మీర దీపకళిక’ ఒక తెలుగు రచయిత్రి కాశ్మీరాన్ని చూసిన చూపు. యాత్రలంటేనే పడనివాళ్లకి బెంగాలీ నుంచి వచ్చిన ‘వనవాసి’ ఇచ్చి చూడండి. బిభూతిభూషణ్ బందోపాధ్యాయ నవల అది, కానీ అడవిలో నెలల తరబడి తిరిగొచ్చినట్టే ఉంటుంది.

యాత్ర కొనేముందు పరీక్ష: ఎక్కడైనా రెండు పేజీలు చదివి మూడు ప్రశ్నలు వేయండి. ఎప్పుడు పోయారో తెలుస్తోందా? దారిలో ఎవరైనా పేరున్న మనిషి మాట్లాడారా? ఎక్కడ తిన్నారో, ఎక్కడ పడుకున్నారో ఉందా? మూడూ లేకుండా “ప్రకృతి రమణీయత” మాత్రమే ఉంటే పక్కన పెట్టండి. ఫొటోలు ఎక్కువున్నంత మాత్రాన పుస్తకం గొప్పది కాదు. విదేశీ యాత్రల్లో విమానాశ్రయాల వర్ణన నాలుగు పేజీలు దాటితే అది కూడా అనుమానించాల్సిందే.

7. కొనేచోట్లు, కొన్నాక చూడాల్సినవి

తిరుపతిలో విశాలాంధ్ర, ప్రజాశక్తి పుస్తక కేంద్రాలు, టీటీడీ విక్రయశాలలు ముందు చూడండి. అడిగినది లేకపోతే తెప్పించి పెట్టమనండి. జనవరిలో విజయవాడ పుస్తక మహోత్సవానికి పోయే వీలుంటే మొదటి విడత డబ్బులో సగం దానికి దాచుకోవచ్చు. హైదరాబాదులో పనుంటే దాన్ని ఆదివారానికి పెట్టుకోండి. ఆబిడ్స్ పేవ్‌మెంటు మీద పాత పుస్తకాలు ఆ రోజే పరుస్తారు.

డబ్బులిచ్చేముందు రెండు నిమిషాలు ఇవి చూడండి:

- పేజీ నంబర్లు. పుస్తకాలు ఫారాలుగా అచ్చవుతాయి, ఎక్కువగా ఒక్కో ఫారం 16 పేజీలు. 16, 17 దగ్గర, 32, 33 దగ్గర, 48, 49 దగ్గర తిప్పి చూడండి. ఒక ఫారం పోవడం, అదే ఫారం రెండుసార్లు రావడం, తలకిందులుగా కుట్టడం, ఈ మూడూ జరిగేవే. నవల్లో కథ ఒక్కసారిగా దూకినట్టుంటే రచయిత ప్రయోగం అనుకుని మోసపోకండి, నంబర్లు చూడండి.
- బైండింగు. నడుమ తెరిచి మెల్లగా రెండువైపులా వాల్చండి. చిటపటమని శబ్దం వస్తే అది ఒట్టి జిగురు, ఒక ఎండాకాలానికి పేజీలు ఊడతాయి. దారం కనిపిస్తే కుట్టు బైండింగు, అదే మేలు.
- ఏ ముద్రణ. పాత పుస్తకాల కొత్త ముద్రణల్లో అచ్చుతప్పులు పెరుగుతుంటాయి. రెండు ముద్రణలు దొరికితే ఒకే పేజీ పక్కపక్కన పెట్టి పోల్చండి.

ఆన్‌లైన్లో తెప్పించినా ఇదే తనిఖీ, పార్సెల్ విప్పిన రోజే. వారం గడిచాక తిప్పి పంపడం తలనొప్పి.

8. పాత పుస్తకాలని నేరుగా అరలో పెట్టకండి

ఇది అందరూ దాటేసే మెట్టు. పాత కాగితాల అంగట్లోనో పేవ్‌మెంటు మీదో కొన్న ఒక్క పుస్తకం మిగతా నలభైని చెడపగలదు. ఇంటికి రాగానే వాకిట్లో తెల్లగుడ్డ పరిచి, పుస్తకాన్ని తిరగేసి మెల్లగా తట్టండి. సన్నటి పొడి రాలితే పురుగుంది. వెన్ను దగ్గర గుండ్రటి బెజ్జాలుంటే పురుగు తొలిచినట్టు. కాగితం పైపొర గీకినట్టుంటే రామబాణం పురుగు. మట్టి అంటుకుని అంచు కొరికేసి ఉంటే చెదలు.

పురుగు ఉందనిపిస్తే జిప్ కవర్లో గాలి లేకుండా మూసి, డీప్ ఫ్రీజర్లో రెండు వారాలు ఉంచండి. తీశాక కవరు విప్పకుండా ఒక రోజు బయట ఉంచి, ఆపైన విప్పండి, లేకపోతే చెమ్మ పట్టి అట్ట ఉబ్బుతుంది. ఫ్రిజ్‌లో చోటివ్వనంటే (చేపలు పెట్టే ఫ్రీజరైతే నేనూ ఇవ్వమనను) కవర్లో మూసి నెల రోజులు వేరుగా ఉంచి, వారానికోసారి కవరు అడుగున పొడి చేరిందా చూడండి.

ఎండలో పెట్టడం మన పెద్దవాళ్ల అలవాటు. తిరుపతి మే నెల ఎండలో గంటల కొద్దీ పెడితే కాగితం పసుపెక్కి పెళుసవుతుంది. నీడలో గాలి తగిలేచోట పేజీలు విప్పి ఒక పూట ఉంచితే చాలు.

చినిగిన పేజీకి సెల్లోటేపు వేయకండి. నాలుగేళ్లకి అది గోధుమరంగు మచ్చ మిగిల్చి ఊడిపోతుంది. మైదా జిగురు కూడా వద్దు, రామబాణం పురుగుకి అది విందు. మామూలు పుస్తకమైతే పలచగా ఫెవికాల్, విలువైన పాతదైతే దారంతో కుట్టే బైండరు దగ్గరికి.

9. అర ఎక్కడ, ఎట్లా

చెక్క అర రెండున్నర అడుగులు దాటితే మధ్యలో ఊతం పెట్టించండి, పుస్తకాల బరువుకి పలక వంగిపోతుంది. ఎక్కువ తెలుగు పుస్తకాలు డెమ్మీ సైజు, ఎత్తు ఎనిమిదిన్నర అంగుళాల దాకా ఉంటుంది. అరకి అరకి నడుమ పది అంగుళాలు వదలండి. నేలకి ఆరంగుళాలు పైన, గోడకి రెండంగుళాలు ఎడంగా ఉండాలి. వాన తగిలే గోడకి ఆనించకండి. మనకి అక్టోబరు నుంచి డిసెంబరు దాకా ఈశాన్య రుతుపవనాల వానలు, 2021 నవంబరులో ఊరు ఎట్లా మునిగిందో చూశాం. కింది అరలో పుస్తకాలు పెట్టకపోవడం మంచిది, అక్కడ గిన్నెలో ఇత్తడి సామానో పెట్టుకోండి.

వేపాకు వేయొచ్చు, కానీ నీడలో గలగలమనేలా ఎండాలి. పచ్చి ఆకు వేస్తే చెమ్మా, మచ్చలూ. కలరా ఉండలు పసిపిల్లలు పడుకునే గదిలో వద్దేవద్దు, ఆ ఆవిరి వాళ్లకి చెరుపు. నెలకోసారి పుస్తకాలన్నీ తీసి, పొడి గుడ్డతో తుడిచి, గోడ వెనక చెదల మట్టి దారి ఉందా చూస్తే ఏ మందూ అక్కర్లేదు. బూజు కనిపిస్తే ముక్కుకి గుడ్డ కట్టుకుని, బయటికి తీసుకెళ్లి బ్రష్షుతో దులపండి. తడి గుడ్డ తగిలించకండి.

పేర్చేటప్పుడు కథలన్నీ ఒకచోట, కవిత్వం ఒకచోట అని గిరులు గీయకండి. రెండు కథల పుస్తకాల నడుమ ఒక యాత్ర, పక్కన ఒక పలచటి కవిత్వం (బయట ఉంచిన మొదటి మూడూ కాక, తర్వాత కొన్నవి). కథకోసం వచ్చిన చెయ్యి కవితకి తగులుతుంది. ఎత్తు ప్రకారం, రంగు ప్రకారం పేర్చడం ఫొటోకి బాగుంటుంది, అంతే.

10. అరువిచ్చే పుస్తకం

నోటుబుక్కు వెనకవైపు నుంచి నాలుగు గళ్లు గీయండి: పుస్తకం, ఎవరికి, ఏ తేదీ, తిరిగొచ్చిన తేదీ. బామ్మర్ది అయినా సరే రాయాలి. “రాస్తావా నా పేరు?” అని నొచ్చుకుంటే నవ్వుతూ రాయండి. పెళ్లికి ముందు తీసుకుపోయిన పుస్తకం పెళ్లయ్యాక అడగలేం. ఒకేసారి ఒకరికి ఒకటే. ఇప్పుడు దొరకని పుస్తకాన్ని ఇవ్వకండి, ఇంటికొచ్చి చదువుకోమనండి.

మూడు నెలలకి సరిచూసుకోవడం

మొదటి పన్నెండునీ బల్ల మీద పరవండి. ఒక్కోటీ చేతిలోకి తీసుకుని చూడండి: వెన్ను మీద గీత పడిందా, గుర్తు పెట్టిన కాగితం ఎక్కడుంది, మూల మడిచిన పేజీ ఉందా. ఎనిమిది పుస్తకాలు తెరిచినట్టుంటే రెండో విడత కొనండి. నాలుగైదే అయితే ఆగండి, మొదటి పేజీలో రాసుకున్న వేళలు తప్పు. చదివేవాళ్లని అడిగి మార్చుకోండి. గుర్తు కాగితాలన్నీ మొదటి ఇరవై పేజీల్లోనే ఉంటే పుస్తకాలు బరువైనవి ఎంచుకున్నారు, రెండో విడతలో కథల సంపుటాలు పెంచండి. యాత్రలు కదలకపోతే మ్యాపుని టీవీ పక్క నుంచి భోజనాల బల్ల దగ్గరికి మార్చి చూడండి. కవిత్వం కదలకపోతే అవి ఎక్కడున్నాయో చూడండి, ఎవరో సర్ది అరలోకి నెట్టేసుంటారు.

ఏడాది తర్వాత కూడా ఎవరూ తెరవని పుస్తకాలు మిగులుతాయి. వాటిని దాచుకోకండి. నవంబరు 14 నుంచి 20 దాకా జరిగే గ్రంథాలయ వారోత్సవాలప్పుడు మీ శాఖా గ్రంథాలయానికి వెళ్లి, తీసుకుంటారా అని ముందు అడిగి, ఒప్పుకుంటేనే ఇవ్వండి. లోపల మీ పేరు రాసి ఉంటే కొట్టేయక్కర్లేదు, పక్కన తేదీ వేయండి. పురుగున్నవి మాత్రం ఇవ్వకండి.